ఆలెన్ టీమ్ ముందు ఆడిన సెంట్రల్ హాకీ లీగ్ ఏమైంది?

ఫ్రిస్కో_చాయ్:
మావాడి ఫ్రెండ్ బర్త్‌డే అని శనివారం డాలస్ పక్కనున్న ఆలెన్‌లో ఆలెన్ అమెరికన్స్ మ్యాచ్‌కి వెళ్లాం. ఐస్ హాకీ చూడటం నాకు ఇదే మొదలు. పక్క సీటాయన ఉత్సాహంగా, "2013 నుంచి 2016 దాకా వరసగా నాలుగు కప్పులు కొట్టాం, మొదటి రెండూ వేరే లీగ్‌లో" అన్నాడు. ఇప్పుడు ఆడుతున్నది ఈసీహెచ్ఎల్ అనే లీగ్ కదా. ఆ పాతది సెంట్రల్ హాకీ లీగ్ అట. వెతికితే ఆ పేరుతో 1963లో ఒకటి, 1992లో ఒకటి తగిలాయి. రెండూ ఒకటేనా? ఎందుకు మూసేశారు?

గోలీ_నాన్న:
రెండూ వేరు సార్. 1963 నుంచి 1984 దాకా నడిచింది ఎన్‌హెచ్ఎల్ (హాకీలో అన్నిటికంటే పెద్ద లీగ్) టీములు తమ కుర్రాళ్లకి తర్ఫీదు ఇప్పించుకున్న లీగ్. మీరు అడిగేది రే మైరాన్, బిల్ లెవిన్స్ 1992లో పెట్టింది. ఓక్లహామా సిటీ, టల్సా, విచిటా, మెంఫిస్, ఫోర్ట్ వర్త్, డాలస్... ఆరు టీములతో మొదలైంది.

డాలస్ టీమ్ పేరు ఫ్రీజ్. ఫెయిర్ పార్క్‌లో ఆడేది. 1993లో మిన్నెసోటా నుంచి ఎన్‌హెచ్ఎల్ టీమ్ స్టార్స్ ఈ ఊరికి వచ్చేశాక చిన్న లీగ్ టికెట్ ఎవరు కొంటారు? 1995కల్లా ఫ్రీజ్ కథ ముగిసింది.

ఇక్కడో తమాషా ఉంది. 1996లో వెస్టర్న్ ప్రొఫెషనల్ హాకీ లీగ్ అని ఇంకోటి పుట్టింది. ఆస్టిన్, వేకో, ఎల్ పాసో, అమరిల్లో... మంచు అరుదుగా పడే ఊళ్లే అందులో ఎక్కువ. టీముల పేర్లు చూస్తే నవ్వొస్తుంది, ఐస్ బ్యాట్స్, బజర్డ్స్, మడ్‌బగ్స్! 1997 నుంచి రెండేళ్ల పాటు ఫోర్ట్ వర్త్‌లో ఆ లీగ్ టీమ్ ఒకటి, ఈ లీగ్ టీమ్ ఒకటి పోటాపోటీగా ఆడాయి. డాలస్‌లో స్టార్స్ ఉండగా పక్క ఊళ్లో మరో రెండు టీములంటే ఆ జనం చాలతారా చెప్పండి. 1999లో వాటిలో పాతదైన సెంట్రల్ లీగ్ టీమ్, ఫోర్ట్ వర్త్ ఫైర్, మూతపడింది. చివరికి 2001లో లీగులే కలిసిపోయాయి. పేరు మాత్రం సెంట్రల్‌దే మిగిలింది.

ఆ తర్వాత నడిపింది గ్లోబల్ ఎంటర్‌టైన్‌మెంట్ అనే కంపెనీ. అసలు కిటుకు అక్కడుంది. మధ్యతరహా ఊళ్లలో అరీనాలు కట్టించడం కూడా వాళ్ల వ్యాపారమే. అరీనా కట్టాక ఏడాదంతా కచేరీలు దొరకవు, తారీఖులు నిండాలంటే హాకీ టీమ్ కావాలి. నా అంచనాలో ఈ లీగ్ ఆటకంటే బిల్డింగుల మీదే ఎక్కువ ఆధారపడింది.

విచిటా_వీధి:
అన్నా, ఎందుకు పోయిందో చెప్పకుండా ఆపేశావేంటి! మేం 2012లో ఫోర్ట్ వేన్ చేతిలో, 2013లో మీ ఆలెన్ చేతిలో ఫైనల్స్ ఓడిపోయాం. 2013లో ఏడో మ్యాచ్ దాకా లాగి మరీ ఓడాం. ఆ కడుపుమంట ఇంకా చల్లారలేదు.

గోలీ_నాన్న:
తమ్ముడూ, ఆ కప్పు తిరిగి ఇవ్వం 😄

టీములు ఒక్కొక్కటిగా రాలిపోయాయి. ఓక్లహామా సిటీ 2009లో మూసేసింది. 2010లో ఇంటర్నేషనల్ హాకీ లీగ్ టీములు కొన్ని వచ్చి చేరితే కాస్త ఊపిరి వచ్చింది. 2011లో కొలరాడో ఈగిల్స్ ఈసీహెచ్ఎల్‌కి వెళ్లిపోయింది. 2013-14కి మిగిలినవి పది. అందులో ఒకటి కెనడాలోని బ్రాంప్టన్! ఆలెన్ నుంచి అక్కడికి రోడ్డు మీద రెండు వేల కిలోమీటర్ల పైమాటే. ఈ స్థాయిలో ఆటగాళ్లకి వారానికి వందల డాలర్లలోనే జీతం, ఉండటానికి అపార్ట్‌మెంట్ టీమే ఇస్తుంది, ప్రయాణం ఎక్కువగా బస్సుల్లోనే. దగ్గర ఊళ్ల టీములు తగ్గేకొద్దీ బస్సు ఖర్చు పెరుగుతుంది, ఆ ఖర్చుకి ఇంకో టీమ్ మునుగుతుంది.

ఆ సీజన్ అయ్యాక అరిజోనా, సెయింట్ చార్ల్స్, డెన్వర్ తప్పుకున్నాయి. డెన్వర్ అయితే అప్పుడే మాతో ఫైనల్ ఆడిన టీమ్! ఏడు టీములతో లీగ్ ఏం నడుపుతారు? 2014 అక్టోబర్ 7న, సీజన్ ముంగిట, ఏడూ ఈసీహెచ్ఎల్‌లో కలిసిపోయాయి. కొత్త లీగ్‌లో అడుగుపెట్టిన మొదటి రెండేళ్లూ కప్పు ఆలెన్‌దే. నాలుగు కప్పులకీ కోచ్ స్టీవ్ మార్టిన్‌సనే. "చిన్న లీగ్ నుంచి వచ్చారు" అని తేలిగ్గా చూసినవాళ్లకి ఇంతకంటే జవాబు అక్కర్లేదు.

ఫ్రిస్కో_చాయ్:
థాంక్సండీ, ఇంత వివరంగా ఎవరూ చెప్పరు. 1992 నాటి ఆరింటిలో ఇప్పటికీ ఆడుతున్నవి ఏమైనా ఉన్నాయా? మావాడు మళ్లీ వెళ్దామంటున్నాడు. ఐస్ చుట్టూ ఉండే అద్దం పక్క సీట్లే కావాలట. మొన్న పక్ (ఆటలో కొట్టే రబ్బరు బిళ్ల) వచ్చి అద్దానికి ఠప్పుమని తగిలితే పాప్‌కార్న్ అంతా నా ఒళ్లోనే పోశాడు.

విచిటా_వీధి:
టల్సా ఆయిలర్స్, మా విచిటా థండర్. లీగ్ ఉన్న అన్ని సీజన్లూ ఆడినవి ఈ రెండే. మొదటి కప్పు టల్సాది, 1994, 95 మావి. థండర్ ఆలెన్‌కి వచ్చే రోజు చూసి టికెట్ తీసుకోండి. స్వెటర్ మర్చిపోకండి, అద్దం పక్కన చలి ఎక్కువ.