మిశ్రమం లెక్కలు: పిల్లలకి ముందు ఏది నేర్పాలి, క్రాస్ పద్ధతా సమీకరణమా?

ఆమదాలవలస అమ్మ:
మా బాబు పదో తరగతి అండి. స్కూల్లో ఎక్స్, వై పెట్టి చెయ్యమంటున్నారు, కోచింగ్‌లో ఎలిగేషన్ అని ఒక క్రాస్ గీసి పది సెకన్లలో తేల్చేస్తున్నారు. వాడు ఇంటికొచ్చి స్కూల్ పద్ధతి దండగ అంటున్నాడు, మా మావయ్యగారేమో క్రాస్ చెరిపెయ్యమంటున్నారు. లెక్క ఇది: కిలో 600 బద్ద జీడిపప్పు, కిలో 900 గుండు జీడిపప్పు, రెండూ కలిపి 30 కిలోలు కావాలి, కిలో 700 పడాలి, ఏది ఎంత? ఏది ముందు నేర్పించమంటారు?

రాజాం ఆస్పిరెంట్:
క్రాసే మేడమ్, డౌటే లేదు. రెండు ధరలు పైన అటూ ఇటూ, కావాల్సిన 700 మధ్యలో పెట్టి, తేడాలు ఎదురు మూలల్లో రాయాలి: 900లోంచి 700 తీస్తే 200, అది బద్ద కింద, 700లోంచి 600 తీస్తే 100, అది గుండు కింద, కాబట్టి బద్ద గుండు 2:1, అంటే 20 కిలోలు, 10 కిలోలు, అయిపోయింది. రైల్వే ఉద్యోగాల ఎన్‌టీపీసీ మొదటి పరీక్షలో 90 నిమిషాలకి 100 ప్రశ్నలు, అంటే ఒక్కోదానికి 54 సెకన్లు, అందులో ప్రశ్న చదవడానికే సగం పోతుంది, ఇంక ఎక్స్ ఎక్కడ పెడతాం చెప్పండి.

బొబ్బిలి ట్యూషన్ మాస్టారు:
తమ్ముడూ, నువ్వు వేసిన క్రాస్ కరెక్టే, నాకు దానిమీద కోపం లేదు. కానీ అడిగింది పదో తరగతి పిల్లాడి గురించి. వాడికి ముందు తెలియాల్సింది ఒక్కటే, కలపకముందు ఎంత డబ్బు పెట్టామో కలిపాక కూడా అంతే డబ్బు ఉండాలి. బద్ద ఎక్స్ కిలోలు, గుండు వై కిలోలు అనుకుంటే 600 ఎక్స్ ప్లస్ 900 వై, అది 700 ఇంటూ మొత్తం కిలోలకి సమానం. ఇక్కణ్ణుంచి రెండు పక్కలా 600 ఎక్స్, 700 వై తీసేస్తే 200 వై ఈక్వల్ టు 100 ఎక్స్ వస్తుంది, నీ క్రాస్ పుట్టింది అక్కడే. పుట్టిన చోటు చూపించకుండా బొమ్మ మాత్రం చేతికిస్తే ఏమవుతుందో నా దగ్గర పిల్లల నోట్సుల్లో రోజూ చూస్తున్నా.

ఇదే లెక్కని కొంచెం తిప్పుతా చూడు. "ఆ మిశ్రమాన్ని కిలో 840కి అమ్మితే 20 శాతం లాభం వచ్చింది, ఏ నిష్పత్తిలో కలిపాడు?" క్రాస్ ఒక్కటే వచ్చిన పిల్లాడు 840ని తీసుకెళ్లి మధ్యలో పెట్టేస్తాడు, 60, 240 వస్తాయి, 1:4 అని రాసేస్తాడు, ఆప్షన్లలో 1:4 కూడా ఉంటుంది, పేపర్ ఇచ్చేవాళ్ళు దాన్ని కావాలనే పెడతారు. అమ్మిన రేటుని కొన్న రేట్లతో కలపకూడదు కదా, 840ని 1.2తో భాగిస్తే 700, అప్పుడు మళ్ళీ 2:1. డబ్బు లెక్క రాసిన పిల్లాడు ఈ గోతిలో పడడు, ఎందుకంటే సమానం గుర్తుకి అటూ ఇటూ ఏ డబ్బు రాస్తున్నాడో వాడికి తెలుసు.

కాశీబుగ్గ పప్పు బేరం:
ఏటి మాస్టారూ, క్రాసూ వద్దు ఎక్సూ వద్దు, మా కాడ పప్పు యాపారం సేసినోడు నోటితోనే సెప్పేస్తాడు. 700కి ఇవ్వాలంటే కిలో బద్ద మీద వంద మిగుల్తాది, కిలో గుండు మీద రెండొందలు తగ్గుతాది, ఒక కిలో గుండు లోటు పూడ్సాలంటే రెండు కిలోల బద్ద కావాలి, అంతే. గుంటడికి ఇలగ సెప్తే ఒక్క పూటలో అర్థమైపోద్ది.

ఇంకోటి, పుస్తకాల్లో లెక్కలన్నీ బరువు తగ్గనట్టే రాస్తారు. వేపితే తేమ పోతాది గదా. 720 పడిన పప్పు 10 కిలోలు వేపితే 9.6 కిలోలు వచ్చిందనుకోండి, పెట్టిన డబ్బు 7,200 అలగే ఉంటాది, బరువు తగ్గింది, కిలో 750 పడిపోద్ది. దీనికి మీ క్రాస్ ఏటి సెప్తాది?

బొబ్బిలి ట్యూషన్ మాస్టారు:
మీరు చెప్పిన మిగులు, లోటు మాటే అసలు వివరణ అండి, నేను రేపట్నుంచి క్లాసులో ఇలాగే చెప్తా. పూర్వం బంగారం కలిపే లెక్కలూ ఇంతే. 1150 నాటి లీలావతిలో భాస్కరాచార్యుడు ఇచ్చిన సూత్రం ఇదే, ఒక్కో ముక్క తూకాన్ని దాని వన్నెతో, అంటే బంగారం మేలిమితో, గుణించి, అన్నీ కూడి, మొత్తం తూకంతో భాగించు. ధర బదులు వన్నె, అంతే తేడా.

రాజాం ఆస్పిరెంట్:
సర్, లాభం మాట ఉంటే ముందు కొన్న రేటు కనుక్కుని క్రాస్ వెయ్యాలని కోచింగ్‌లో కూడా చెప్తారు, అది క్రాస్ తప్పు కాదు. వేపే లెక్కలు మాకు పేపర్లో రావు. తప్పు జవాబుకి మూడో వంతు మార్కు పోతుంది, టైం దాటితే మార్కే లేదు, రెండిట్లో ఏది పెద్ద నష్టం?

బొబ్బిలి ట్యూషన్ మాస్టారు:
సరే తమ్ముడూ, నీ పేపర్లో వచ్చేదే అడుగుతా. ఒకాయన 1,800 పెట్టి 600 రకం, ఇంకో 1,800 పెట్టి 900 రకం కొని కలిపాడు, కిలో సగటు ఎంత? సగంమంది 750 అంటారు. మొదటిది 3 కిలోలు, రెండోది 2 కిలోలు, 3,600ని 5తో భాగిస్తే 720. క్రాస్‌లో నిష్పత్తి అంటే బరువుల నిష్పత్తి, డబ్బుల నిష్పత్తి కాదు, ఆ సంగతి క్రాస్ బొమ్మలో ఎక్కడా రాసి ఉండదు. నువ్వు డిగ్రీ అయ్యి ఎక్స్, వైలు చేతికి అలవాటయ్యాక క్రాస్ వాడుతున్నావు, నీకు నష్టం లేదు, వాడు. పదో తరగతిలో నేరుగా దాంతో మొదలెట్టిన పిల్లాడిది వేరే సంగతి. నా మాట ఏంటంటే పదో తరగతి అయ్యేదాకా డబ్బు లెక్క రాయించి, ఆ తర్వాత వాడి చేతనే క్రాస్ రాబట్టించాలి.

ఆమదాలవలస అమ్మ:
కాశీబుగ్గ అన్నయ్యగారు చెప్పినట్టు మిగులు, లోటు అని చెప్పి చూశానండి, మా వాడు పెన్ను పట్టకుండానే 20, 10 అనేశాడు. మావయ్యగారు మాత్రం రాసి చూపించమంటున్నారు.

బొబ్బిలి ట్యూషన్ మాస్టారు:
రాయించండమ్మా, ఇది ఇవ్వండి. కిలో 660 పడిన మిశ్రమం 40 కిలోలు ముందే ఉంది, దాన్ని 700కి తేవాలంటే 900 గుండు ఎన్ని కిలోలు కలపాలి? మొత్తం బరువు 40 దగ్గరే ఆగిపోయిందా, కలిపింది కూడా కూడాడా, అది చూడండి. కలిపాక 48 కిలోలు, 33,600 రూపాయలు రావాలి.