ఆటకి ఒక్క వెర్షన్ చాలా, మొత్తం సెట్టు దాచాలా?

పాతక్యాసెట్: డిస్క్ నిండిపోయింది. సూపర్ నింటెండో (పాత వీడియో గేమ్ కన్సోల్) ఆటల ఫోల్డర్ తెరిస్తే ఒకే ఆటకి అమెరికా, జపాన్, యూరప్ కాపీలు, మళ్లీ వాటి రివిజన్లు, ఏది ఆడాలో తెలియక ఏదీ ఆడట్లేదు. ఆటకి ఒక్క ఫైల్ ఉంచి మిగతావి తీసేద్దామనుకుంటున్నా. ఎవరికైనా అభ్యంతరమా?

రెండోకంట్రోలర్: నాకు అభ్యంతరమే. జెల్డా ఆట ఆకరినా ఆఫ్ టైమ్ 1.0లో విలన్ గానన్‌డార్ఫ్ రక్తం ఎర్రగా ఉంటుంది, 1.2కి వచ్చేసరికి ఆకుపచ్చ అయింది, ఫైర్ టెంపుల్ సంగీతం కూడా మారింది. ఏది ‘అసలు’ ఆట అని నువ్వు తేలుస్తావా బ్రో?

ఖాళీస్లాట్: అందరూ దాచుకున్నదే నువ్వూ దాచితే దాన్ని భద్రపరచడం అనరు, గోడౌన్ అంటారు. నేను ఆడేవి నలభై, ఉన్నవీ నలభై, హాయిగా ఉన్నా.

చెక్‌సమ్: అసలు తీసేస్తే ఎంత చోటు మిగులుతుందో లెక్క చూశారా? సూపర్ నింటెండోలో అతి పెద్ద ఆటే 6 ఎంబీ. డిస్క్‌ని తినేది ప్లేస్టేషన్ ఆటలు. వాటిని సీహెచ్‌డీ అనే కుదించిన ఫార్మాట్‌లోకి మార్చుకోండి, డేటా ఏమీ పోదు. డేటా ట్రాక్ ఒక్కటే ఉంచే ఐఎస్ఓ ఫార్మాట్ మాత్రం వద్దు, పాటలు ఆడియో ట్రాకులుగా ఉన్న డిస్కుల్లో పాటలన్నీ పోతాయి, నేను అలా కొన్ని పోగొట్టుకుని తర్వాత తల బాదుకున్నా. ఇంకోటి, హ్యాష్ (ఫైల్‌కి వేలిముద్ర లాంటి కోడ్) కలవలేదని తొందరపడి తీసేయకండి, పాత కాపియర్లు (క్యాట్రిడ్జ్ నుంచి ఆటని ఫైల్‌గా తీసే పరికరాలు) కొన్ని ఫైళ్ల ముందు 512 బైట్ల హెడర్ తగిలించేవి, ఆట అదే అయినా హ్యాష్ వేరే వస్తుంది. నో-ఇంట్రో డాట్‌తో (సరైన కాపీల హ్యాష్‌ల జాబితా) సరిచూసి, మొత్తం సెట్టు ఒక పక్కన పెట్టి, ఆడేవాటికి వేరే ఫోల్డర్ చేసుకుంటే ఈ గొడవే ఉండదు కదా.

పాతక్యాసెట్: హెడర్ సంగతి తెలియక నిన్నే ఓ ముప్పై ఫైళ్లు ‘పాడైనవి’ అని తీసేశా 😐

ఖాళీస్లాట్: అవి మళ్లీ దొరుకుతాయిలే. సేవ్ ఫైళ్లు ఎక్కడున్నాయి? క్యాట్రిడ్జ్‌లో బ్యాటరీ అయిపోతే సేవ్ కూడా పోయినట్టే, నువ్వు ఆడి సాధించినవి ఇంకెవరి దగ్గరా ఉండవు. మీరంతా రోమ్‌ల (ఆట ఫైళ్ల) గురించి కొట్టుకుంటున్నారు, వీటికి బ్యాకప్ ఉందా అని ఒక్కరూ అడగలేదు.

రెండోకంట్రోలర్: ...లేదు. ఇప్పుడే కాపీ పెడుతున్నా. రివిజన్ల మీద మాత్రం నా మాట మారదు.