‘వియన్నగాగ్ని’యా, ‘వియన్నగాగ్ర’మా?

పటమట: పాత గణితకవి పావులూరి మల్లన చదరంగం పద్యం మా తాతయ్య పొద్దున్నే చదివేవారు. మొదటి గడిలో ఒకటి పెట్టి గడిగడికీ రెట్టింపు చేస్తే వచ్చే మొత్తాన్ని, మాటకో అంకె చొప్పున కుడి నుంచి చెప్పే పద్యం అది. ఇవాళ సీ ప్లస్ ప్లస్ ప్రోగ్రామింగ్ భాషలో, సంఖ్యల హద్దులు చెప్పే న్యూమరిక్ లిమిట్స్‌ని అన్‌సైన్డ్ లాంగ్ లాంగ్ (రుణ సంఖ్యలు లేని పెద్ద పూర్ణాంకాల రకం) గరిష్ఠ విలువ అడిగితే 18446744073709551615 వచ్చింది. పద్యంలోని సంఖ్యే! ఒళ్ళు పులకరించింది. కానీ మొదటి పాదం చివర ‘నగాగ్ని భూ’ అనా, ‘నగాగ్ర భూ’ అనా? అడుగుదామంటే తాతయ్య లేరు. ఇంకోటి, అదే లైబ్రరీలో, ఆ రకంలో ఎన్ని అంకెలు పడతాయో చెప్పే డిజిట్స్‌టెన్ 19 అంటోంది. పద్యంలో 20 అంకెలున్నాయి. మధ్యలో మాటేదైనా ఎక్కువ చేరిందా?

బ్రాడీపేట: ‘అగ్ర’మే. నేను అలాగే నేర్చుకున్నాను. కొండ వెంటనే శిఖరం, ఎంత బాగుందో!

సత్యనారాయణపురం: బాగుంది మాస్టారూ, కానీ అంకె కుదరాలి కదా. శర 5, శశి 1, షట్క 6, చంద్ర 1, శర 5, సాయక 5, రంధ్ర 9, వియత్తు 0, నగ 7. ఆ సంఖ్యని కుడి నుంచి చదవండి, పదో అంకె 3. త్రేతాగ్నులు మూడు.

బ్రాడీపేట: చంపకమాలకి రెండూ సరిపోతాయండీ. యతి ‘శర’కీ ‘సాయక’కీ. ఛందస్సు మీ వైపు ఏమీ లేదు.

అరండల్‌పేట: నా అనుమానం ‘అబ్ధి’ మీద. సముద్రాలు ఏడని కదా విన్నాం, ఇక్కడ 4. ‘పయోనిధి’ కూడా 4. దిక్కుకో సముద్రం అనుకున్నారని నా ఊహ.

సత్యనారాయణపురం: ఏడుకి కొండలున్నాయిగా. నగ, భూధర, గిరి మూడూ 7లే. ఒకే అంకెకి మూడు మాటలు వాడి ప్రాస తప్పకుండా నడిపాడు, అదీ మల్లన!

అరండల్‌పేట: ఏ మల్లన? ఆ పేరు తాతకీ మనవడికీ ఉంది. తాతా, మనవడా? ముందు అది తేల్చండి.

బెంజి సర్కిల్: పటమట గారూ, పద్యంలో ఎక్కువేమీ లేదు. 64 గళ్ళు, ఆ రకానికి 64 బిట్లు (ఒక్కోటీ 0 లేదా 1). బిట్లెన్నో చెప్పే ‘డిజిట్స్’ అడగండి, 64 అనే చెబుతుంది. గడిగడికీ రెట్టింపు చేసి కూడితే బిట్లన్నీ ఒకట్లే. డిజిట్స్‌టెన్ చెప్పేది, ఎన్ని అంకెల సంఖ్య ఏదైనా సరే ఖాయంగా పడుతుందో. 19 తొమ్మిదులు పడతాయి, 20 తొమ్మిదులు పట్టవు. అందుకే 19.

పటమట: హమ్మయ్య. మరి ‘అగ్ని’ ఖాయమేనా?

బ్రాడీపేట: తొందరపడకండి. మా నాన్నగారు చేత్తో రాసుకున్న నోటుబుక్కు అటక మీద ఉంది. అందులో ‘గ్ర’ అనే నాకు గుర్తు. ఆదివారం దింపి ఫొటో పెడతాను.