పుదీనా మీద మెరిసే ఆకుపచ్చ పెంకుపురుగు: ఏరెయ్యాలా, ఉండనివ్వాలా?

కుండీలతోట:
అందరికీ నమస్కారం. మేం దక్షిణ ఇంగ్లండ్‌లో ఉంటాం. పెరట్లో చిన్న నీటిగుంట ఉంది, దాని పక్కన పుదీనా వేసి మూడేళ్ళయింది, ఇప్పటిదాకా దానికి ఏ బాధా లేదు. ఈ జూన్‌లో మాత్రం ఆకుల నిండా చిల్లులు పడ్డాయి, కొన్నిటికైతే అంచు నుంచి కొరుక్కుంటూ వచ్చి నడిమి ఈనె ఒక్కటే మిగిల్చాయి. మొదట నత్తలనుకున్నాను గానీ జిగురు చార ఎక్కడా కనిపించలేదు. నిన్న పొద్దున ఎండ పడే టైముకి వెళ్ళి కూర్చుంటే దొరికింది. పచ్చటి పెంకుపురుగు, సెంటీమీటరు కంటే కొంచెం తక్కువ ఉంటుంది, వీపు గుండ్రంగా ఉబ్బి ఉంది, కాళ్ళతో సహా ఒళ్ళంతా పాలిష్ పెట్టిన లోహంలా మెరుస్తోంది. వేలు దగ్గరికి పెట్టగానే కాళ్ళు ముడుచుకుని పూసలా జారి కింద పడింది, మట్టిలో మళ్ళీ వెతికి పట్టుకోవడానికి చాలాసేపు పట్టింది. మొత్తం లెక్కపెడితే పదకొండు ఉన్నాయి. చిన్నప్పుడు అగ్గిపెట్టెలో దాచుకున్న జీరంగి గుర్తొచ్చింది, ఇదీ అదేనా? చంపబుద్ధి కావట్లేదు, అలాగని పుదీనా పోతుందేమోనని టెన్షన్‌గా ఉంది. తినే ఆకు కాబట్టి మందు కొట్టడం నాకు ఇష్టం లేదు.

గులాబీగుబురు:
వేపనూనెలో కొంచెం సబ్బునీళ్ళు కలిపి సాయంత్రం పూట కొట్టండి. నా గులాబీలకి పేనుబంక పడితే అదే చేశాను, తగ్గిపోయింది.

ఆకుచాటు:
కొంచెం ఆగండి, ముందు అదేంటో తేల్చుకుందాం, మందు సంగతి తర్వాత.

మీరు చెప్పిన గుర్తులన్నీ పుదీనా ఆకు పెంకుపురుగువే, శాస్త్రీయ నామం క్రైసోలినా హెర్బేసియా. జీరంగి కాదండి. మెరుపు చూస్తే చుట్టాల్లా ఉంటాయి గానీ కుటుంబాలు వేరు. జీరంగి ఒళ్ళు పొడుగ్గా ఉంటుంది, దాని పిల్లపురుగులు చెక్కని తొలుచుకుంటూ లోపలే పెరుగుతాయి. మీ దగ్గరున్నది క్రైసోమెలిడే కుటుంబం, పిల్లా పెద్దా రెండూ ఆకులు తినే బతుకుతాయి. పెద్ద పురుగు 7 నుంచి 11 మిల్లీమీటర్లు ఉంటుంది, కొన్నిటికి రాగి ఛాయ కూడా ఉంటుంది. రెక్కల మీద నిలువుగా ఊదా చారలు ఉన్నాయేమో ఒకసారి చూడండి, ఉంటే అది రోజ్‌మేరీ బీటిల్, క్రైసోలినా అమెరికానా. పేరులో అమెరికా ఉన్నా దాని పుట్టుక మధ్యధరా ప్రాంతం, బ్రిటన్‌లో స్థిరపడింది 1990లలో. అది ఎక్కువగా రోజ్‌మేరీ, లావెండర్ లాంటి వాటి మీద ఉంటుంది. చారలు లేకుండా మొత్తం పచ్చగా ఉంటే మీది ఎక్కడి నుంచో వచ్చిన పురుగు కాదు, యూరప్ తడినేలల్లో, కాలవగట్ల మీద పెరిగే వాటర్ మింట్ అనే అడవి పుదీనాని నమ్ముకున్న పురుగు. నీటిగుంట పక్కన పుదీనా అంటే దానికి అంతకంటే కావాల్సింది ఏముంది?

అది పుదీనాని ఎలా పట్టుకుంటుందో కూడా చెప్పాలి, నాకు ఈ పురుగులో అన్నిటికంటే నచ్చే సంగతి అదే. ఇటలీలో టూరిన్ విశ్వవిద్యాలయం వాళ్ళు 2011లో దీని మీద ఒక పరిశోధన ప్రచురించారు. దెబ్బతినని వాటర్ మింట్ నుంచి మెంథోఫ్యూరాన్ అనే వాసన పదార్థం ఎక్కువగా వస్తుంది, పురుగు ఆ వాసన పట్టుకునే వస్తుంది. కొరకడం మొదలయ్యాక మొక్క ఊరుకోదు, మెంథోఫ్యూరాన్ తగ్గించి పులెగోన్ అనే ఇంకో పదార్థం వైపు మళ్ళుతుంది, అది పురుగుకి గిట్టదు. అంటే మీరు చూసే ఆ చిల్లుల ఆకు వాసనకి, పక్కన ఉన్న మంచి ఆకు వాసనకి పురుగు లెక్కలో చాలా తేడా ఉంటుంది. మొక్క తన పని తాను చేసుకుంటోంది, దాన్ని తక్కువ అంచనా వేయకండి.

తడిమట్టి:
పైన చెప్పినదానికి నా అనుభవం కలుపుతాను. మాకూ రెండు వేసవులు వచ్చాయి, ఒక్క మొక్క కూడా చావలేదు. పుదీనా ప్రాణం ఆకులో లేదు కదా, నేల లోపల పాకే కాడల్లో ఉంది, పైనంతా తినేసినా కింద నుంచి పిలకలు వేస్తుంది. నేనేం చేశానంటే, గుబురుని రెండు భాగాలు అనుకుని వంటకి కావాల్సిన భాగాన్ని నేల దాకా కోసేశాను, రెండోదాన్ని ముట్టుకోలేదు. కోసే ముందు కింద తెల్ల గుడ్డ పరిచి కొమ్మల్ని మెల్లగా తట్టాలి, మీరు చూశారుగా, తాకితే జారిపోతాయి, ఆ అలవాటే మనకి పనికొస్తుంది. గుడ్డ మీద పడ్డవాటిని తీసుకెళ్ళి రెండో గుబురు మీద వదిలేయడమే. పట్టుకున్నాక చేతులు కడుక్కోండి, ఈ క్రైసోలినా జాతి పురుగులకి ఒంటి మీద గ్రంథులు ఉంటాయి, పిట్టలూ చీమలూ తినకుండా చేదు ద్రవం వదులుతాయి. ఇక స్ప్రే అంటారా, పూత మొదలైతే పుదీనా మీద తేనెటీగలు ఎన్ని వాలతాయో చూడండి, వాటి ఒంటి మీద కూడా అదే పడుతుంది. పేనుబంకతో దీన్ని పోల్చకండి, అది లెక్కలేనంతగా పెరిగిపోతుంది, ఇవి మీరు లెక్కపెట్టగలిగినన్నే ఉన్నాయి.

గులాబీగుబురు:
సరే, నేను తొందరపడ్డాను, పదకొండు పురుగులకి మందు అక్కర్లేదు. ఆ పచ్చదనం నిజంగా రంగేనా? చచ్చిన పురుగుని చూశాను ఒకసారి, రంగు కొంచెం కూడా వెలవలేదు.

ఆకుచాటు:
అది పూసిన రంగు కాదండి. పెంకులో పల్చటి పొరలు ఒకదాని మీద ఒకటి ఉంటాయి, వాటి మందాన్ని బట్టి పచ్చకాంతి మాత్రమే బలంగా వెనక్కి తిరిగి వస్తుంది, సబ్బుబుడగ మీద రంగులు కనిపించినట్టు. పొరలు చెదరనంత వరకు మెరుపు ఉంటుంది.

పచ్చగా మెరిసే ప్రతిదాన్నీ చూడగానే మందు పట్టుకోవద్దని నేను అనడానికి ఇంకో కారణం ఉంది. బ్రిటన్‌లోనే క్రైసోలినా గ్రామినిస్, అదే టాన్సీ బీటిల్, ఇంచుమించు దీనిలాగే ఉంటుంది, చాలా అరుదైపోయింది. యార్క్ చుట్టుపక్కల ఊజ్ నది గట్ల మీద టాన్సీ మొక్కల్ని అంటిపెట్టుకుని ఉంది, 2014లో కేంబ్రిడ్జ్‌షైర్ వైపు వుడ్‌వాల్టన్ ఫెన్‌లో మళ్ళీ కనిపించిందంటే పురుగుల మీద ఆసక్తి ఉన్నవాళ్ళకి అది పండగే.

కుండీలతోట:
రెండు వారాలైంది, చెప్పిపోదామని వచ్చాను. చారలు లేవు, మొత్తం పచ్చే. సగం కోసేశాను, గుడ్డ మీద తొమ్మిది పడ్డాయి, గుంట వైపు గుబురులో వదిలాను. కోసిన చోట అప్పుడే జంట ఆకులు వచ్చాయి, ఒక్క చిల్లు లేదు. ఈ రోజు పొద్దున ఒక చిన్న పురుగు పెద్దదాని వీపు మీద ఎక్కి కూర్చుని ఉంది, రెండూ కదలట్లేదు. పిల్ల అనుకోవాలా?

తడిమట్టి:
పిల్ల కాదండి, పైనున్న చిన్నది మగది, కింద ఉన్నది ఆడది. ఇంక గుడ్లు పెడుతుంది. ఆ గుబురు ఇప్పుడు కొయ్యకండి. కొన్నాళ్ళకి ఆకుల మీద నల్లగా, మెత్తగా, బొద్దుగా ఉన్న పిల్లపురుగులు కనిపిస్తాయి, వేరే తెగులేమో అని కంగారుపడి ఏరేయకండి. ఎదిగాక మట్టిలోకి దిగిపోతాయి, అందుకని ఆ గుబురు కింద మట్టి తవ్వకుండా ఉంచండి.