రేడియోలో స్థిరపడిన గొంతుతో కడుపుకోత గురించి మాట్లాడవచ్చునా?

ప్రశ్న (విజయవాడ నుండి)

నమస్కారమండి. నేను ఆకాశవాణి విజయవాడ కేంద్రంలో ఇరవై ఆరేళ్లపాటు క్యాజువల్ అనౌన్సరుగా పనిచేశాను. 1948 డిసెంబరు 1న మొదలైన ఆ కేంద్రం భక్తిరంజనితోనే మా ఇంట్లో తెల్లవారేది కనుక, పున్నమ్మతోట స్టూడియోలో నేను మొదటిసారి ఉదయం డ్యూటీ చేసిన రోజు మా నాన్నగారు ట్రాన్సిస్టరును ఒళ్లో పెట్టుకొని విన్నారట. అక్కడ నేను నేర్చుకొన్న మొదటి పాఠం, మైకు ముందు మౌనంగా ఉండడం పొరపాటని. తరువాతి అంశం రావడం కాస్త ఆలస్యమైతే ఫిల్లరుగా వాద్యసంగీతం వేసి ఆ ఖాళీని కప్పాలి. రెండో పాఠం, ఇంట్లో ఏమి జరిగినా గొంతులో తెలియకూడదని.

నాలుగేళ్ల క్రితం మా అబ్బాయి ఇరవై మూడేళ్లకే రోడ్డు ప్రమాదంలో పోయాడు. పెద్దకర్మ వరకు ఇంటినిండా జనం, ఆ మర్నాటికి ఎవరూ లేరు. పరామర్శకు వచ్చినవారికి నేనే కుర్చీలు చూపించి, వివరాలన్నీ తడబడకుండా చెప్పాను. అది ధైర్యమని అందరూ మెచ్చుకొన్నారు కానీ, అది వృత్తి అలవాటు తప్ప మరేమీ కాదు.

ఏడాదిన్నరగా ప్రతి నెలా రెండో ఆదివారం, బిడ్డలను పోగొట్టుకొన్న ఏడెనిమిది మందిమి మా ఇంట్లో కలుసుకొంటున్నాము. ఇలాంటివారి ఉత్తరాలు చదువుతూ వారానికి అరగంట కార్యక్రమం రికార్డు చేసి ఇంటర్నెట్‌లో పెట్టమని వారు అడుగుతున్నారు. ఏడుపును కూడా స్పష్టమైన ఉచ్చారణతో చదివేసే ఈ గొంతు ఆ పనికి తగినదేనా? మొదలుపెడితే ఏయే జాగ్రత్తలు తీసుకోవాలి?

సమాధానం 1 (గుంటూరు, బ్రాడీపేట)

అక్కయ్యగారూ, వంటింట్లో రేడియో పెట్టుకొని మీ గొంతు విన్నవాళ్లలో నేనూ ఒకదానిని. మా అమ్మాయి జ్వరంతో పోయి ఆరేళ్లయింది. ఆదరణ కూడికకు మా సంఘమంతా వచ్చి, పాటలు పాడి, వాక్యం చెప్పి వెళ్లారు. వారి ప్రేమకు లోటు లేదు. కానీ ఆ తరువాత నేను బాధపడతానని కాబోలు, దాని పేరు పలికే మనిషే కరవయ్యారు. పెళ్లిళ్లలో ఎవరైనా "మీకెంతమంది పిల్లలు?" అని అడిగితే, నేను "ఇద్దరు" అనేలోపే మా ఆడపడుచు అందుకొని "ఒక్కడే బాబు" అంటుంది. మీరు ఎంత స్పష్టంగా చదివినా నాకు అభ్యంతరం లేదండి. మీకు వచ్చిన ఆ చక్కని ఉచ్చారణతో మా అమ్మాయి పేరు ఒక్కసారి పలకండి, అది చాలు.

సమాధానం 2 (మానసిక ఆరోగ్య విభాగంలో సోషల్ వర్కరును, విజయవాడ)

మీరు ఇంట్లో చేస్తున్నది కొత్త పద్ధతి కాదమ్మా. ఇంగ్లండులోని కోవెంట్రీ ఆసుపత్రిలో కొడుకులను పోగొట్టుకొన్న రెండు జంటలు ఒకరినొకరు ఓదార్చుకోవడం అక్కడి యువ చాప్లిన్ (రోగులకు, వారి కుటుంబాలకు ఆధ్యాత్మికంగా తోడుండే క్రైస్తవ గురువు) ఒకరు గమనించారు. ఆయన చొరవతో 1969లో ఏర్పడిన తల్లిదండ్రుల బృందమే తరువాత అనేక దేశాలకు విస్తరించింది. అదే ఏడాది మనోవైద్యురాలు ఎలిజబెత్ క్యూబ్లర్-రాస్ చెప్పిన అయిదు దశలను (నిరాకరణ, కోపం, బేరమాడడం, కుంగుబాటు, అంగీకారం) మాత్రం దయచేసి మీ కార్యక్రమంలో పాఠంలాగా చెప్పకండి. ఆమె వాటిని మొదట వివరించింది మరణానికి చేరువైన రోగుల విషయంలో. వెనుక మిగిలినవారందరూ ఆ మెట్లు వరుసగా ఎక్కవలసిన పని లేదు.

ఇక, దుఃఖం జబ్బు కాదు. అయితే ఆరు నెలలు దాటినా, ఆ మనిషి సమాజంలో సహజమనుకొనే దానికి మించి, నిత్యజీవితం సాగనంత తీవ్రంగా ఉంటే దానిని దీర్ఘకాలిక దుఃఖ రుగ్మతగా ప్రపంచ ఆరోగ్య సంస్థ వర్గీకరణ గుర్తించింది. మీకు ఉత్తరాలు రాసేవారిలో అటువంటివారు తప్పక ఉంటారు. కాబట్టి ప్రతి భాగంలోనూ ప్రభుత్వ మానసిక ఆరోగ్య సహాయవాణి టెలీ మానస్ నంబరు 14416 చెప్పండి. తెలుగులోనే మాట్లాడవచ్చు, డబ్బు కట్టనక్కరలేదు.

సమాధానం 3 (రేడియోలో కార్యక్రమ నిర్వహణ చేసి విశ్రాంతి తీసుకొంటున్నవాడిని)

అమ్మా, 1984లో ఇందిరాగాంధీ మరణించినప్పుడు మామూలు కార్యక్రమాలు ఆపి శోకసంగీతం వినిపించిన రోజులు మీకూ గుర్తుండే ఉంటాయి. దేశం ఏడవడానికి మన దగ్గర ఒక పద్ధతి ఉండేది, ఇంటి మనిషి ఏడవడానికి మన క్యూ షీటులో, అంటే ఆ రోజు కార్యక్రమాల పట్టికలో, చోటు లేదు. ఆ చోటు మీరు ఇప్పుడు ఇవ్వగలరు. అయితే ప్రత్యక్ష ప్రసారం జోలికి పోవద్దు. ఉత్తరం రాసినవారి అనుమతి కాగితం మీద తీసుకోండి, వారు మనసు మార్చుకొంటే ఆ భాగాన్ని మారు మాట లేకుండా తీసివేయండి. ఊరు, ఇంటిపేరు, ఆసుపత్రి పేరు చదవకండి. ఆత్మహత్య అయితే అది ఎలా జరిగిందన్నది అసలే వద్దు. ఎడిటింగులో వెక్కిళ్లను, మౌనాన్ని కత్తిరించకండి. అక్కడే మీ చెయ్యి అలవాటుగా ఫిల్లరు కోసం వెతుకుతుంది, జాగ్రత్త.

ప్రశ్న అడిగినవారు

అందరికీ కృతజ్ఞతలు. పోయిన ఆదివారం అందరి అనుమతితో ప్రయోగంగా ఒక భాగం రికార్డు చేశాము. ఒక తండ్రి కొడుకు చెప్పుల గురించి చెబుతూ మధ్యలో ఆగిపోయారు. మళ్లీ విన్నప్పుడు లెక్కపెడితే ఆ మౌనం పదకొండు సెకన్లు. నా చెయ్యి నిజంగానే కదిలింది కానీ, ఆపుకొన్నాను.

ఇంటిపేర్లు, ఊర్లు చదవము. తల్లిదండ్రులు కోరితేనే బిడ్డ పేరు చదువుతాము. బ్రాడీపేట చెల్లెమ్మా, మీకు సమ్మతమైతే మొదటి ఉత్తరం మీదే. మీ అమ్మాయిని ఇంట్లో ఏమని పిలిచేవారో కూడా రాయండి. ఆ పేరులో దీర్ఘం ఎక్కడ ఉందో, ఒత్తు ఎక్కడ ఉందో ముందే తెలుసుకొని చదువుతాను.