స్పెయిన్ భయానక చిత్రాల సంగీతం: అంతోన్ గార్సియా అబ్రిల్‌ది ఏ బాణీ?

ప్రశ్న:
అమాందో దె ఒస్సోరియో 1972లో తీసిన ‘లా నోచే దెల్ తెర్రోర్ సియేగో’ను ఇటీవల చూశాను. కళ్ళు లేని టెంప్లార్ (మధ్యయుగపు క్రైస్తవ సన్యాసి యోధుల) శవాలు గుర్రాలెక్కి వచ్చే ఘట్టాల్లోని సంగీతం నన్ను వదలడం లేదు. స్వరకర్త అంతోన్ గార్సియా అబ్రిల్. అదే పేరు 1967 నాటి ‘సోర్ సిత్రోయెన్’ అనే హాస్యచిత్రంలోనూ కనబడింది. అది కారు నడిపే ఒక సన్యాసిని కథ. ఇద్దరూ ఒకరేనా? ఒకరే అయితే, ఇన్ని రకాల చిత్రాలకు పనిచేసిన మనిషికి తనదంటూ ఒక బాణీ మిగిలిందంటారా?

మొదటి సమాధానం:
ఒకరేనండీ. 1933లో తెరువేల్‌లో పుట్టి, వలెన్సియా, మాడ్రిడ్‌లలో చదివి, ఆపై ఇటలీలోని సియెనాలో స్వరకర్త లవన్యీనో వద్ద సినిమా సంగీతం నేర్చుకున్నారు. ఆ గురువు కూడా ఆర్సన్ వెల్స్ ‘ఒథెల్లో’కు సంగీతం కూర్చిన చేతితోనే చవక వెస్టర్న్‌లకూ (కౌబాయ్ చిత్రాలకూ) కూర్చినవాడు కాబట్టి, శిష్యుడికి ఈ ఎక్కువ తక్కువల పట్టింపు అబ్బకపోవడంలో వింత లేదు. 1958లో మాడ్రిడ్‌లో ఏర్పడిన ‘నువేవా మూసికా’ (కొత్త సంగీతం) అనే స్వరకర్తల బృందంలో గార్సియా అబ్రిల్ ఒక సభ్యులు. అదే తరానికి చెందిన స్వరకర్త కార్మెలో బెర్నవోలా కూడా తరువాత స్పెయిన్ నటుడు పాల్ నాస్చీ భయానక చిత్రాలకు సంగీతం ఇచ్చారు. ఆ రోజుల్లో కచేరీ సంగీతం రాసేవారికి సినిమా జీవనోపాధి మాత్రమే కాదు, కచేరీ శ్రోతలు సహించని ధ్వనులను ప్రయత్నించి చూసే చోటు కూడా అని నా అభిప్రాయం.

రెండవ సమాధానం:
మీరు అడిగిన గుర్రాల ఘట్టాన్నే తీసుకుందాం. ఆ శవాలకు చూపు లేదు. చప్పుడును బట్టి మనుషులను వెతుకుతాయి. చివరలో నాయిక కదలకుండా నిలబడినా ఆమె గుండెచప్పుడే ఆమెను పట్టిస్తుంది. చెవే ఆయుధమైన కథలో వాద్యబృందం నిరంతరం మోగుతూ ఉంటే కథ దెబ్బతింటుంది. అందుకే గార్సియా అబ్రిల్ రాగాన్ని దాదాపు పక్కన పెట్టి, మఠంలోని ప్రార్థనను గుర్తుచేసే మగ గొంతుల మంద్ర గానాన్నీ, అపస్వరాలనూ, లోహపు మోతలనూ వాడారు. గుర్రాలను స్లో మోషన్‌లో చూపడం వల్ల దృశ్యంలో వేగం లేదు, సంగీతం కూడా దాన్ని తెచ్చిపెట్టే ప్రయత్నం చేయదు. పారిపోయే అవకాశం ఉన్నా పారిపోలేని స్థితి అలా పుడుతుంది. తరువాత వచ్చిన మూడు కొనసాగింపు చిత్రాలకూ ఆయనే స్వరకర్త. 1974 నాటి ‘ఎల్ బుకే మాల్దితో’ చిత్రంగా బలహీనమే అయినా, సంగీతం కోసం ఒకసారి చూడవచ్చు.

మూడవ సమాధానం:
పై మాటలతో ఏకీభవిస్తూనే ఒక చిన్న అభ్యంతరం. ఆయన చేసిన ప్రతి చిత్రాన్నీ ప్రయోగంగా చూపడం సరికాదు. ఫ్రాంకో నీరో నటించిన 1966 నాటి ‘టెక్సాస్, అద్దియో’ సంగీతం శ్రావ్యమే కానీ, అప్పటికే ఇటలీ వెస్టర్న్‌లు వేసిన బాటలోనే నడుస్తుంది. ‘సోర్ సిత్రోయెన్’ దర్శకుడు పేద్రో లసాగా హాస్యచిత్రాల బాణీలు వాటి పని చేసి వెళ్ళిపోతాయి. ఆయన నిజమైన బలం మారియో కామూస్ తీసిన ‘లోస్ సాంతోస్ ఇనొసెంతెస్’ (1984)లో తెలుస్తుంది. భూస్వామి ఎస్టేటులో బతుకులీడ్చే కూలీల ఆ కథకు ఆయన ఎంచుకున్నది రబేల్ అనే పల్లెటూరి తీగవాద్యాన్ని. కమానుతో వాయించే ఆ వాద్యపు గరుకు స్వరం పాత్రల మీద జాలిని బలవంతంగా పుట్టించదు. టెంప్లార్ల గానానికీ దీనికీ పోలిక లేదనిపించినా, కథలోని మనుషుల లోకంలో ఉండదగిన శబ్దాన్నే ముందుగా వెతకడం రెండింటిలోనూ ఉంది. మీరడిగిన బాణీ రాగంలో కాక ఈ ఎంపికలో ఉందని నేననుకుంటాను.

ప్రశ్న అడిగినవారు:
ధన్యవాదాలండీ. సినిమాలు కాకుండా వినదగినవి ఏమైనా ఉన్నాయా?

మొదటి సమాధానమిచ్చినవారు:
ఫేలిక్స్ రొద్రీగెజ్ దె లా ఫువెంతె వన్యప్రాణుల టీవీ ధారావాహిక ‘ఎల్ ఓంబ్రె ఇ లా తియెర్రా’ (1974) ప్రారంభ సంగీతంతో మొదలుపెట్టండి. స్పెయిన్‌లో ఒక తరానికి తరం ఆయనను ఎరిగింది దానివల్లే. కచేరీ రచనల్లో వయొలిన్ కళాకారిణి హిలరీ హాన్ కోసం రాసిన ఆరు సోలో వయొలిన్ పార్టిటాలు (వాద్య రచనలు) వినండి. 1997లో మాడ్రిడ్‌లోని ఒపెరా భవనం తెయాత్రో రెయాల్ తిరిగి తెరుచుకున్నప్పుడు ప్రదర్శించిన ‘దివీనాస్ పలాబ్రాస్’ ఒపెరా కూడా ఆయనదే. అయితే అది మొదటిసారే అందేది కాదు కనుక, దాన్ని పార్టిటాల తరువాత పెట్టుకోవడం మంచిది.