స్కోన్లలో తాజా పండు వేయవచ్చా, ఎండు పండే వేయాలా?

ప్రశ్న

తాజా స్ట్రాబెర్రీ ముక్కలతో రెండు సార్లు స్కోన్లు (ఓవెన్‌లో కాల్చే చిన్న మెత్తని రొట్టెలు) చేశాను. రెండు సార్లూ పైభాగం చక్కని బంగారు రంగుకు వచ్చినా, విరిచి చూస్తే ప్రతి ముక్క చుట్టూ పిండి జిగురుగా, పచ్చిగా మిగిలిపోయింది. ఎండు ద్రాక్షతో చేసినప్పుడు ఈ ఇబ్బంది ఎప్పుడూ రాలేదు. నా కొలతలు ఇవి: 250 గ్రాముల మైదా, 60 గ్రాముల చల్లని వెన్న, 40 గ్రాముల చక్కెర, 3 టీ చెంచాల బేకింగ్ పౌడర్, 150 మిల్లీలీటర్ల పాలు, 150 గ్రాముల స్ట్రాబెర్రీ. 220 డిగ్రీల సెల్సియస్ వద్ద 14 నిమిషాలు ఉంచాను. తాజా పండు అసలు వేయకూడదా, లేక పొరపాటు నాదేనా?

మొదటి జవాబు

పొరపాటు మీది కాదండి, పండుదే. స్కోన్ అంటే పెద్ద వేడిలో, తక్కువ సమయంలో పొంగి గట్టిపడవలసిన పదార్థం. స్ట్రాబెర్రీలో తొంభై శాతం దాకా నీరే ఉంటుంది కనుక, మీరు వేసిన 150 గ్రాముల పండుతో పాటు సుమారు 135 గ్రాముల నీరు కూడా పిండిలోకి చేరింది. అందులో మూడో వంతు బయటికి వచ్చినా మీ పాల కొలత 150 నుంచి 195కి పెరిగినట్టే. అంత తడిని 14 నిమిషాల్లో ఆర్చడం ఏ ఓవెన్‌కూ సాధ్యం కాదు. ఎండు ద్రాక్షలో నీరు పదిహేను శాతానికి అటూ ఇటూ మాత్రమే ఉంటుంది. అది పిండికి తడి ఇవ్వదు, పైగా పిండిలోని తడిని తాను పీల్చుకుంటుంది. అందుకే వేడి నీళ్ళలో పది నిమిషాలు నానబెట్టి, వడగట్టి, గుడ్డతో ఒత్తి తుడిచి వేస్తే స్కోన్ పొడిబారదు, ద్రాక్ష మెత్తగా ఉంటుంది. తాజా పండును జామ్ రూపంలో పైన పూసుకుని తినడమే మేలని నా అభిప్రాయం.

రెండో జవాబు

మొదటి జవాబులోని లెక్క సరైనదే, కానీ దాని నుంచి తీసిన ముగింపును నేను ఒప్పుకోలేను. నీరు ఎక్కువైందని తెలిసినప్పుడు పాలు తగ్గించాలి గాని పండును వెలివేయడం ఎందుకు? తాజా పండు వేసిన పిండికి నేను 110 మిల్లీలీటర్ల పాలతో మొదలుపెట్టి, ముద్ద కట్టేంత వరకే చెంచాడు చెంచాడుగా పోస్తాను. పిండి పదును చేతికి తెలుస్తుంది: అడుగున కాస్త పొడిపిండి మిగిలి, నొక్కితే మాత్రం అతుక్కుంటే చాలు.

అంతకన్నా ముఖ్యమైనది పండు ఏ స్థితిలో పిండిలోకి వెళ్తోందన్నది. ముక్కలను ట్రేలో విడివిడిగా పరిచి, రాయిలా గడ్డకట్టేదాకా ఫ్రీజర్‌లో ఉంచి, కరగనివ్వకుండా ఆఖరున కలపాలి. అప్పుడు కలిపేటప్పుడు నలగదు, రసం కారదు. రసం వదిలేనాటికి చుట్టూ ఉన్న పిండి చాలావరకు గట్టిపడి ఉంటుంది. చల్లని పండు తగలడం వల్ల వెన్న కూడా కరగకుండా నిలుస్తుంది. ఆ వెన్న తునకలు ఓవెన్‌లో కరిగి, వాటిలోని నీరు ఆవిరిగా మారినప్పుడే పిండి పొరలుగా విడుతుంది. అయితే గడ్డకట్టిన పండుతో కేంద్రం దాకా వేడి చేరడానికి ఆలస్యమవుతుంది కాబట్టి 200 డిగ్రీల వద్ద 20 నుంచి 22 నిమిషాలు కావాలి. మీ 220 డిగ్రీలు పైభాగాన్ని ముందే ఎర్రబరిచి, లోపల ఉడికిందన్న భ్రమ కలిగించాయి.

ఇంకొక మాట. గుండ్రని కట్టర్ వద్దు. అంచుల్లో మిగిలిన పిండిని మళ్ళీ కూడదీసి ఒత్తాల్సి వస్తుంది, అక్కడే పండంతా చితికిపోతుంది. ముద్దను వేలెడు మందాన వెడల్పుగా తట్టి, పదునైన కత్తితో నిలువుగా ఎనిమిది త్రికోణాలుగా కోయండి. కత్తిని ముందుకూ వెనక్కూ లాగితే పొరలు అతుక్కుపోయి పక్కలు పొంగవు.

మొదటి జవాబు ఇచ్చినవారు

పాలు తగ్గించడం, గడ్డకట్టించడం, త్రికోణాలుగా కోయడం మూడూ సరైన సూచనలే. బ్లూబెర్రీ లాంటి గట్టి తొక్క ఉన్న పండుకు ఇవి బాగా పనికొస్తాయని నేనూ ఒప్పుకుంటున్నాను. వంట సోడా ఎక్కువైతే ఆ పండు చుట్టూ పిండి నీలిఆకుపచ్చగా మారుతుందని మాత్రం గుర్తుంచుకోవాలి. క్షారం తగిలితే పండులోని రంగు అలా మారుతుంది. కోసిన స్ట్రాబెర్రీ విషయంలో నా అభ్యంతరం అలాగే ఉంది, ఎందుకంటే దానికి రసాన్ని ఆపే తొక్క లేదు.

ప్రశ్న అడిగినవారు

నిన్న 100 గ్రాముల స్ట్రాబెర్రీని చిన్న ముక్కలుగా కోసి, రాత్రంతా ఫ్రీజర్‌లో ఉంచి, ఈ ఉదయం 115 మిల్లీలీటర్ల పాలతో చేసి, 200 డిగ్రీల వద్ద 21 నిమిషాలు ఉంచాను. విరిచినప్పుడు పిండి పొరలుగా విడింది. ముక్కను ఆనుకుని గులాబీ రంగు మరక పడినా, అక్కడ పిండి ఉడికే ఉంది. అయితే మధ్యాహ్నానికల్లా మిగిలిన రెండూ పైన చెమ్మగా మెత్తబడ్డాయి. ఎండు ద్రాక్షవి మరుసటి రోజు కొద్దిగా వేడి చేస్తే మళ్ళీ బాగుండేవి. ఇక తాజా పండుతో చేసేటప్పుడు కోసిన త్రికోణాలను పచ్చిగానే ఫ్రీజర్‌లో దాచి, ఏ పూటకు కావలసినవి ఆ పూటే కాల్చుకుంటాను.